నుంగంబాకపు రాయి, నింగిలోని రాయి



చెన్నపట్టణమున నుంగంబాకమను పేటలో, ఇప్పుడు వాతావరణశాఖవారి కార్యాలయమున్న ఆవరణయందు, పదునైదడుగుల పొడవును పది టన్నుల బరువును గల గ్రానైటు స్తంభమొకటి నిలిచియున్నది. 1792లో ఈస్టిండియా కంపెనీవారు అచ్చట వేధశాలను కట్టించినప్పుడు, నక్షత్రములు నడినెత్తి రేఖను దాటు క్షణమును గుర్తించు యంత్రము కదలక మెదలక యుండవలెనని దానికి ఆధారముగా నిలిపిన రాయి అది. ఆ కట్టడమునకు సూత్రధారియైన మైకేల్ టాపింగు పేరును, సంవత్సరమును దానిపై చెక్కబడినవి. అంతటితో తృప్తి చెందక, లాటిను భాషతోపాటు తమిళమునను మన తెలుగునను గూడ ఒక శాసనమును వ్రాయించిరి. ఆసియాఖండమున గణితశాస్త్రమును ఆంగ్లేయుల ఔదార్యము ఏనాడు నాటినదో వేయేండ్ల పిమ్మట పుట్టువారికి సైతము తెలియవలెనన్నది దాని భావము. ఆర్యభటుడును భాస్కరుడును సిద్ధాంతములు రచించిన నేలమీద ఆ మాట చదువునప్పుడు చిరునవ్వు రాకపోదు. అయినను, రాతిమీద చెక్కిన మాట నిలుచునన్న నమ్మకము మాత్రము మన పల్లవ చాళుక్య కాకతీయ ప్రభువులకును వారికిని సమానమే.

ఆ స్తంభమున్న వేధశాలలోనే 1861 ఏప్రిల్ 17వ తేదీన మరియొక రాయి దొరకినది. దానిని ఎవరును త్రవ్వి తీయలేదు. నాటినుండి నేటివరకు ముట్టినవారును లేరు. సూర్యుని చుట్టు కుజునికిని గురునికిని నడుమ తిరుగుచున్న గ్రహశకలములలో అదియొకటి. ఆసియాఖండమునుండి కనుగొనబడిన మొట్టమొదటి గ్రహశకలమగుటచే దానికి ఆసియా అనియే పేరు పెట్టిరి. గ్రీకు పురాణములలో అది ఒక దేవకన్య పేరు గూడనయి కలిసివచ్చినది. వరుస సంఖ్యలో అది అరువదియేడవది. ఆ రాతిని గూర్చియు, దానిని గుర్తించిన విద్యను గూర్చియు ఈ పూట ముచ్చటింతును.

కుజగురుల నడుమ అంత విశాలమైన చోటు ఏల ఖాళీగా ఉండవలెనన్న సందేహము జ్యోతిశ్శాస్త్రజ్ఞులను చిరకాలము బాధించినది. 1801 జనవరి 1వ తేదీన, ఇటలీ దేశమందలి పలెర్మో నగరమున పియాజీ అను పండితుడు ఆ ఖాళీచోట సీరిసు అను శకలమును కనుగొనెను. కొలది వారములలోనే అది సూర్యుని వెలుగులో మాటుపడి తప్పిపోగా, గౌస్ అను యువకుడు కాగితముమీద లెక్కకట్టి అది ఎచ్చట తిరిగి కనబడునో చెప్పెను. ఆ సంవత్సరము ముగియునప్పటికి అది ఆ దాపుననే దొరకెను. 1807 నాటికి అట్టివి నాలుగైనవి. ఆపైన ముప్పదియెనిమిదేండ్లు క్రొత్తది దొరకలేదు. 1845లో హెంకె అను తపాలా ఉద్యోగి పట్టువిడువక వెదకి ఐదవదానిని పట్టుకొనిన తరువాత గదా, వానజల్లు వెలిసిన పిమ్మట చెట్టుక్రింద చినుకులు రాలినట్లు, ఒకదాని వెంట నొకటి బయటపడసాగినవి. నేడు వాని సంఖ్య పదమూడు లక్షలకు పైబడినది. సంఖ్యను విని బెదరనక్కరలేదు. వానినన్నిటిని కూడదీసి ముద్దచేసినను చంద్రునిలో ఇరువదవ వంతు కాజాలదు.

ఆసియాను కనుగొన్నవాడు నార్మన్ రాబర్ట్ పాగ్సన్. ఇంగ్లండులోని నాటింగుహాము ఆయన జన్మస్థలము. ఆక్స్‌ఫర్డున ఉన్న కాలముననే మూడు గ్రహశకలములను కనుగొని పేరుపొంది, 1861 ఫిబ్రవరిలో మదరాసు వేధశాలకు అధిపతిగా వచ్చెను. వచ్చి రెండు నెలలు తిరుగకముందే, చైత్రమాసపు ఉక్కపోతలో, ఈ నాలుగవది ఆయనకు చిక్కినది.

చిక్కుట యనగా నేమి? దుర్భిణిలో చూచినవానికి గ్రహశకలము రాయివలె కనబడదు. కొండలును లోయలును అగపడవు. గ్రహములకుండు బింబమైనను ఉండదు. చుట్టునున్న వేలకొలది చుక్కలలో అదియు నొక చుక్క. రంగునుబట్టి గాని మెరుపునుబట్టి గాని దానిని వేరుచేయుట పొసగదు. పల్లెటూరి సంతలో వేయిమంది మనుష్యులు తిరుగుచుండగా, వారిలో ఒక్కడు పరదేశియని ఎవడు గుర్తింపగలడు? తక్కిన తొమ్మిదివందల తొంబదితొమ్మండుగురిని పేరుపేరున ఎరిగిన వాడొక్కడే గుర్తింపగలడు. ఆ సంతకు క్రొత్తగా వచ్చినవాని కన్నులు ఎంత చురుకైనవైనను లాభములేదు. వానికి అందరును పరదేశులే.

కావున నాటి వేధకుని పని ఇట్లుండెడిది. సూర్యగ్రహములు సంచరించు క్రాంతివృత్తపు దాపున ఆకాశమును చిన్నచిన్న గళ్లుగా పంచుకొని, ఒక్కొక్క గడిలోని చుక్కలనన్నిటిని పటముమీద గుర్తించుకొనవలెను. పిమ్మట రాత్రి రాత్రికి దుర్భిణిని ఆ గడివైపు త్రిప్పి, మసక దీపము వెలుగున ఒకమారు పటమును, ఒకమారు ఆకాశమును చూచుచు, గొల్లవాడు సాయంకాలము దొడ్డి వాకిట నిలిచి గొఱ్ఱెలను లెక్కించినట్లు, చుక్క చుక్కను సరిచూచుకొనవలెను. పటములో లేని చుక్క ఆకాశమున కనబడినచో వెంటనే సంబరపడరాదు. అది పటము వ్రాసిననాడు విడిచిపెట్టిన చుక్క కావచ్చును, వెలుగు హెచ్చుతగ్గులగు నక్షత్రము కావచ్చును. దానికి రెండుప్రక్కల నున్న తారలనుండి దూరమును కొలిచి వ్రాసికొని, మరునాటిదాక ఓపికపట్టవలెను. మరునాడు అది చంద్రబింబపు వెడల్పులో ఇంచుమించు సగము మేర జరిగియున్నచో, అప్పుడు అది నక్షత్రము కాదని, మన సూర్యకుటుంబములోనిదేయని తేలును. మరునాటి రాత్రి మబ్బు పట్టెనా, ఆ దొరకిన సొమ్ము దొరకినట్లే జారిపోవును.

ఇట్టి పని మదరాసున సాగుటకు పూర్వులు వేసిన పునాది గట్టిది. పాగ్సనుకు ముందు ఆ పదవియందున్న థామస్ గ్లాన్‌విల్ టేలరు పదునొకండువేల పదునైదు నక్షత్రముల స్థానములను కొలిచి పట్టిక కూర్చి 1844లో వెలువరించెను. ఆ టేలరు వద్దనే మన విశాఖపట్టణవాసియైన గోడే వెంకట జగ్గారావుగారు గణితజ్యోతిషములు అభ్యసించి, తిరిగివచ్చి తమ స్వస్థలమున సొంతముగా ఒక వేధశాలను నెలకొల్పిరి. పాగ్సను కాలమున మొదటి సహాయకుడైన చింతామణి రఘునాథాచారి 1867లో, వెలుగు మారుచుండు ఒక నక్షత్రమును తానై గుర్తించెను. 1874లో శుక్రుడు సూర్యబింబమును దాటిపోవు సందర్భమున సామాన్యజనులకు బోధపడునట్లు చిన్న పుస్తకమును వ్రాసెను. 1868 ఆగస్టు 18వ తేదీన సంపూర్ణ సూర్యగ్రహణము మన తెలుగుదేశము మీదుగా పోయినప్పుడు, పాగ్సను మచిలీపట్టణమున, ఆచారి వనపర్తిలో, ఫ్రాన్సునుండి వచ్చిన జాన్సెన్ గుంటూరున దుర్భిణులు నిలిపికొని చూచిరి. పిమ్మట మూడు నెలలకే పాగ్సను కెమిల్లా అను మరియొక గ్రహశకలమును కనుగొనుట చూడగా, ఆయన మచిలీబందరునుండి వచ్చియు విశ్రమింపలేదని తెలియుచున్నది.

ఇక చుక్క వెలుగు మాట. నక్షత్రములను మొదటి తరగతి, రెండవ తరగతి అని వెలుగునుబట్టి విభజించుట గ్రీకులనాటి ఆచారమే యైనను, ఒక తరగతికిని మరుసటిదానికిని భేదమెంతయన్నది మాత్రము ఎవరి అంచనా వారిదిగా నుండెను. ఐదు తరగతుల భేదమనగా సరిగా నూరు రెట్లు అని, కాబట్టి ఒక్క తరగతికి రెండున్నర రెట్ల పైచిల్లరయని 1856లో ప్రతిపాదించినవాడు ఈ పాగ్సనే. లోకమున ఖగోళశాస్త్రజ్ఞులందరు నేటికిని ఆ కొలబద్దనే వాడుచున్నారు. చీకటిరాత్రి మంచి చూపుగల కంటికి అందు కడపటి చుక్క ఆరవ తరగతిది. ఆసియా సాధారణముగా పదునొకండవ తరగతి దాపున నుండును. అనగా, ఆయన లెక్క ప్రకారమే, మన కంటికందు అతి మసక చుక్కకంటె అది నూరు రెట్లు మసక.

అంత మసక చుక్కను ఇప్పుడు మనము ఎంతవరకు ఎరుగుదుము? దాని అడ్డుకొలత సుమారు 58 కిలోమీటర్లు. సూర్యునినుండి దాని సగటు దూరము మన దూరమునకు రెండున్నర రెట్లకు కొంచెము తక్కువ. సూర్యకాంతి అచ్చటికి చేరుటకు ఇరువది నిమిషములు పట్టును, చేరిన వెలుగును మన యెండలో ఆరవవంతు. దానికి పగలును రాత్రియు కలిపి పదునారు గంటలు. ఏడాది మన మూడేండ్ల తొమ్మిది మాసములు. పాగ్సను కంటబడిన నాటినుండి అది సూర్యునికి నలువదికి పైగా ప్రదక్షిణములు చేసినది. ఆకర్షణశక్తి యెంత స్వల్పమనగా, మన యింటి డెబ్బదియైదు కిలోల బియ్యపు బస్తాను అచ్చట స్ప్రింగు త్రాసుకు తగిలించినచో పావుకిలో కూడ తూగదు. బరువులేనిచోట గాలి నిలువదు, నీరు నిలువదు. కాన అచ్చట గాలి లేదు, వాన లేదు, కోత లేదు, మేట లేదు. మన కొండలను కరగించి ఇసుకచేసి గోదావరిలో కలుపు శక్తులేవియు అచ్చటికి చేరలేదు. ఇతర శకలముల తాకిడియు, సూర్యుని వేడిమియు తప్ప ఆ రాతిని తడవిన చేయి లేదు.

ఎవరును ముట్టని దానిని రాయి యని ఎట్లు చెప్పుదురు, లోహము కావచ్చును గదా, బొగ్గువంటి మసి ముద్ద కావచ్చును గదా యని శ్రోతలు అడుగవచ్చును. ఆ మూడు తెగలును గ్రహశకలములలో కలవు. తెలియు ఉపాయమిది. ఆసియామీద పడి మరలివచ్చిన సూర్యకాంతిని పట్టకముచే విడదీసి, పడిన వెలుగుతో పోల్చి, ఏ రంగు ఎంత తరిగినదో లెక్కచూతురు. మసితెగ శకలములు తమపై పడిన వెలుగులో నూటికి ఐదారు పాళ్లు మాత్రమే త్రిప్పి పంపును; ఆసియా నూటికి ఇరువదియైదు పాళ్లు పంపుచున్నది. పైగా కంటికి కానరాని పరారుణకాంతిలో రెండుచోట్ల లోటు కనబడును. ఆ లోటు ఆలివిను, పైరాక్సీను అను ఖనిజముల వ్రేలిముద్ర. ఇవి రెండును మన యిండ్లముందటి నల్లరాతిలో సైతము కనబడు సామాన్య ఖనిజములే. ఈ లక్షణములు గల వానిని శిలాజాతి శకలములందురు. కుజగురుల నడుమ తిరుగు గ్రహశకలముల వలయములో మనకు దగ్గరియంచున వీనిదే పెద్ద పాలు.

అట్టి రాయి మన చేతికి రాకపోలేదు. 1852లో మన నెల్లూరు సీమలో ఆకాశమునుండి ఒక రాయి పడినది. 1870లో విశాఖపట్టణపు జిల్లాలో పడినది ఇనుపజాతిది గాని, నెల్లూరిది కాండ్రైటు అను శిలాజాతిది. నేలమీద పడు ఉల్కలలో అత్యధిక భాగము ఈ జాతివే. అట్టి రాతిని తెలియనివాడు చేతబట్టినచో మొదట కాలిన ఇటుకముక్క యనుకొనును. పైన గోరుమందము నల్లని పెంకు కట్టియుండును. అది గాలిలో దూసికొనివచ్చు నాలుగైదు క్షణముల మంటకు కరగి బిగిసినది. కోసి నునుపుచేసి చూచినచో లోపల బూడిదరంగు. ఆ బూడిదరంగులో జొన్నగింజలంతేసివి, ఆవగింజలంతేసివి గుండ్రని పూసలు. వాని నడుమ వెండిపొడి చల్లినట్లు ఇనుము నికెలుల రవలు. ఆ పూసలు ఒకనాడు సూర్యుని చుట్టు తిరుగుచుండిన ధూళిమేఘములో కరగిన బిందువులై పుట్టి, చల్లారి, ధూళితో కలిసి ముద్దకట్టినవి. వాని వయస్సు 456 కోట్ల సంవత్సరములు. భూమిమీది శిలలలో అంత ప్రాచీనమైనది లేదు, ఏలయనగా భూమి తన బాల్యమును తానే కరగించుకొని మరచినది.

ఆకాశమున తిరుగు శిలాజాతి శకలములే నేలబడిన కాండ్రైటులకు మాతృకలైనచో, రెంటి కాంతిలక్షణములును అచ్చముగా కలియవలెను గదా? కలియలేదు. శకలములు ఉల్కలకంటె కొంత ఎఱ్ఱగా, కొంత మసకగా కనబడెను. ఈ వివాదము చిరకాలము నడిచెను. జపానువారి హయాబుసా అను నౌక 2005లో ఇటొకావా అను చిన్న శిలాజాతి శకలమును చేరి, దాని ధూళిని ఏరికొని, 2010లో ఆస్ట్రేలియా ఎడారిలో దించెను. కంటికానని ఆ రేణువులను పరీక్షింపగా అవి కాండ్రైటులేయని తేలినది. సూర్యునినుండి వీచు కణములును, సన్నని ధూళి తాకిడియు వాని పైపొరలో అతిసూక్ష్మములైన ఇనుపరవలను పుట్టించి రంగు మార్చుచున్నవని కూడ తేలినది. ఎండకు ఎండి వానకు తడిసిన గుడిగోపురపు రాయికిని, దానిని పగులగొట్టినప్పుడు లోపల కనబడు రాతికిని ఎంత భేదమో, ఇదియు నంతే. పుట్టినింటి పిల్ల అత్తవారింట రంగుమారెనని తల్లి గుర్తింపక పోయినట్లయినది మన సంగతి.

అంత దూరముననున్న రాయి నెల్లూరికి ఎట్లు వచ్చును? ఇందులో గురుని పాత్ర కలదు. గురుడు ఇంచుమించు పండ్రెండేండ్లకొకమారు సూర్యుని చుట్టివచ్చును. మన గోదావరీ కృష్ణల పుష్కరములు ఆ లెక్కమీద నడచునవే. ఒక పుష్కరమునుండి మరు పుష్కరమువరకు గురుడు చేయు ఒక్క ప్రదక్షిణములో సరిగా మూడు ప్రదక్షిణములు చేయు శకలమున్నదనుకొనుడు. అది మాటిమాటికి అదే తావున గురుని లాగుడుకు లోనగును. ఉయ్యాలను సరియైన అదనున చేతితో త్రోయుచుండగా ఊపు హెచ్చినట్లు, దాని దారి నానాటికి కోలగా సాగి, తుదకు కుజుని దాటి, భూమి దారికి అడ్డమువచ్చును. అందుచే ఆ దూరమున వలయములో ఒక ఖాళీ ఏర్పడినది. దానిని అమెరికాకు చెందిన కర్క్‌వుడ్ అను పండితుడు 1866లో వెల్లడించెను. ఆసియా ఈ ఖాళీకి లోపలివైపున, కొంచెము ఎడముగా, క్షేమముగా తిరుగుచున్నది. ఎడమైనందుననే అది నిలిచినది. దానివంటి వాని పెచ్చులు పగిలి ఆ ఖాళీలోనికి జారినప్పుడు, కోటానుకోట్ల మైళ్లు నడిచి, ఒకనాటి రాత్రి మన పొలముమీద చుక్క తెగిపడినదని మనము చెప్పుకొందుము.

పాగ్సను మదరాసున ముప్పదియేండ్లు పనిచేసెను. ఆసియా తరువాత 1864లో సాఫో, 1866లో సిల్వియా, 1868లో నేను చెప్పిన కెమిల్లా, 1885లో వెరా ఆయనకు దొరకినవి. వీనిలో సాఫోయు వెరాయు ఆసియావలె రాతివే. సిల్వియా కెమిల్లాలు నల్లనివి. వానిలో ఒక్కొక్కదానికి రెండేసి చిన్న చంద్రులున్నవని ఈ శతాబ్దమున తెలిసినది. ఆయన కుమార్తె ఐసిస్ అదే వేధశాలలో సహాయకురాలై తండ్రిప్రక్కన నిలిచి పనిచేసెను. ఆమె పేరును, ఆయన ఆక్స్‌ఫర్డున కనుగొన్న మొదటి గ్రహశకలము పేరును ఒక్కటే. 1891 జూన్‌లో పాగ్సను మదరాసుననే కన్నుమూసెను. ఆ సంవత్సరమే డిసెంబరులో జర్మనీయందు మాక్స్ వుల్ఫ్ అను శాస్త్రజ్ఞుడు ఫొటోగ్రాఫు పలకమీద గ్రహశకలమును మొదటిసారి పట్టెను. నక్షత్రములు పలకమీద చుక్కలుగా నిలువగా, కదలుచున్న శకలము సన్నని గీతయై తనంత తానే పట్టుబడును. పటమును ఆకాశమును మార్చి మార్చి చూచు కన్ను యొక్క అవసరము ఆనాటినుండి తీరసాగినది. ఎనిమిదేండ్లకు మదరాసు వేధశాల పనియు కొడైకెనాలునకు తరలిపోయినది. దుర్భిణులు పోయినవి, మనుష్యులు పోయిరి. ఆ గ్రానైటు స్తంభము మాత్రము మిగిలినది.

ఇప్పుడు ఆ రెండు రాళ్లను ప్రక్కప్రక్కన నిలిపి చూడుడు. నుంగంబాకపు రాయి వేయేండ్లు మాటాడవలెనని దానిచే మాటాడించిరి. అది పలుకునది తనను నిలిపినవారి పేరును ప్రతిష్ఠను. నింగిలోని రాతిమీద ఎవరును ఏమియు చెక్కలేదు. దాని ఖనిజములలో, రంగులో, దారిలో మాత్రము సూర్యుడు పుట్టిననాటి ముచ్చట్లు వ్రాసియున్నవి. మొదటిదానిని చదువుటకు తెలుగక్షరములు వచ్చిన చాలును. రెండవదానిని చదువుటకు, రాత్రికి రాత్రికి చుక్కలను లెక్కపెట్టిన మనుష్యులు కావలసివచ్చిరి. ఆ మనుష్యులలో ఆంగ్లేయులుండిరి, అరవవారుండిరి, మన విశాఖవారును ఉండిరి. శాసనము వ్రాయించినవారు తలచినట్లు ఆ విద్య ఒక్కరి ఔదార్యముచే నాటబడినది కాదు.

ఈ రాత్రి ఆసియాను చూడుమని నేను మిమ్ము అడుగలేను, అది కంటికందదు. కాని మీ యింటి మేడమీదనుండి గాని, పొలము గట్టుమీదనుండి గాని, ఆకాశములో ఒక్క చిన్న గడిని ఎంచుకొని, అందలి చుక్కలను పదిదినములు వరుసగా చూచి పరిచయము చేసికొనుడు. పదునొకండవనాడు అచ్చట ఒక క్రొత్త వెలుగు కనబడినచో, అది గురుడో శనియో నడచివచ్చినది కావచ్చును. ఎవరును చెప్పకుండనే, ఇది నిన్న ఇచ్చట లేదే యని మీ నోట వచ్చును. 1861లో నుంగంబాకమున ఒకడు తన పటముమీద వంగి అనుకొన్న మాటయు అదియే.